పచ్చ అనే ఒక్క మాట, 587.6 అనే ఒక్క సంఖ్య

తెలుగులో చేను పచ్చనే, పసుపుకొమ్మూ పచ్చనే కదా, మరి మన పూర్వులకు ఆ రెండు రంగుల తేడా తెలిసేది కాదా అని మీరు అడిగారు. తెలియకపోతే భాష మనిషి అవగాహనకు గిరి గీసినట్టేనా, శాస్త్రం ఆ గిరిని దాటిస్తుందా లేక అది కూడా మరొక భాష మాత్రమేనా అని కూడా అడిగారు. మొదటి సందేహం త్వరగానే తీరుతుంది. రెండవదానికి ప్రయోగపూర్వకమైన ఆధారం కొంత ఉంది. చివరిదాని మీద మాత్రం ఎక్కువసేపు ఆగుతాను. డిగ్రీ విద్యార్థులకు చాలాకాలం భౌతికశాస్త్ర ప్రయోగాలు చేయించిన వాడిగా నేను చెప్పగలిగింది అక్కడే ఎక్కువగా ఉంది.

పచ్చ అనే మాట పరిధి నిజంగానే పెద్దది. పచ్చగడ్డి, పచ్చని చేలు, ఉంగరంలో పొదిగే పచ్చ అన్నప్పుడు అది ఆకు రంగు. పచ్చకామెర్లు, పచ్చని మేనిఛాయ అన్నప్పుడు పసుపు రంగు. పచ్చని సంసారం అన్నప్పుడు రంగుతో పనే లేదు. ఇంత పరిధి ఉన్నా వ్యవహారంలో ఎవరూ తికమక పడరు. అవసరం వచ్చినచోట ఆకుపచ్చ, పసుపుపచ్చ అని విడదీసి చెప్పుకుంటాము, అంతకంటే సూక్ష్మంగా కావాలంటే వస్తువు పేరు పక్కన పెట్టుకుంటాము. మంగళగిరిలో ఏ చేనేత దుకాణానికి వెళ్ళినా చిలకపచ్చ, మెంతిరంగు, మామిడిపండు రంగు, నెమలికంఠం, వంగపండు రంగు, కనకాంబరం రంగు అనే మాటలు వినపడతాయి. చిలకపచ్చ అడిగిన ఆమెకు మెంతిరంగు చీర చూపిస్తే ఆమె ఊరుకోదు. ఒక రంగుకు ప్రత్యేకమైన పేరు లేకపోవడం వేరు, ఆ రంగు కంటికి ఆనకపోవడం వేరు. (కామెర్ల వాడికి లోకమంతా పచ్చగా కనబడుతుందన్న సామెత కూడా వైద్యపరంగా నిలబడదు. ఆ వ్యాధిలో పచ్చబడేది కళ్ళే కాని, సాధారణంగా చూపు కాదు.)

పేరు లేకపోవడాన్నీ కంటికి ఆనకపోవడాన్నీ కలిపివేయడం మన దగ్గర మొదలైన పొరపాటు కాదు. తరవాతి కాలంలో బ్రిటన్ ప్రధానమంత్రి అయిన గ్లాడ్‌స్టన్, 1858లో హోమర్ కావ్యాల మీద రాస్తూ, సముద్రానికి ద్రాక్షసారా రంగు చెప్పిన ఆ కవి వర్ణపదాలు చాలా తక్కువగా, అస్పష్టంగా ఉన్నాయని గమనించాడు. గమనిక విలువైనదే. అయితే దాని నుంచి ఆయన, ఆ కాలపు గ్రీకులలో రంగులను గ్రహించే ఇంద్రియమే పూర్తిగా వికసించలేదేమో అన్న ఊహకు వెళ్ళాడు. నిఘంటువులో ఖాళీ కనిపించగానే కంటిలో ఖాళీ ఉందనుకోవడమే ఇక్కడ జరిగిన జారుడు. రంగును గ్రహించే శంకు కణాలు మనిషి రెటీనాలో మూడు రకాలుగా ఉంటాయి. రమారమి 420, 530, 560 నానోమీటర్ల తరంగదైర్ఘ్యాల దగ్గర అవి గరిష్ఠంగా స్పందిస్తాయి. వర్ణాంధత్వం ఉన్నవారిని మినహాయిస్తే ఈ ఏర్పాటు ఏ భాష మాట్లాడేవారిలోనైనా ఒక్కటే.

1969లో బ్రెంట్ బెర్లిన్, పాల్ కే అనే ఇద్దరు పరిశోధకులు 20 భాషలవారికి 329 రంగుల బిళ్ళలను చూపించి, ఏ మాట ఏ బిళ్ళలకు వర్తిస్తుందో అడిగారు. మరికొన్ని పదుల భాషల సమాచారాన్ని గ్రంథాల నుంచి చేర్చారు. మౌలికమైన వర్ణపదాలు భాషల్లో ఇష్టం వచ్చినట్టు కాక ఒక క్రమంలో ఏర్పడతాయని వారు ప్రతిపాదించారు. ముందు నలుపు తెలుపులు, తరవాత ఎరుపు, ఆపైన ఆకుపచ్చ లేదా పసుపు, ఆ తరవాత నీలం అన్నది ఆ క్రమం. అందులో ఆకుపచ్చ, పసుపు విడివిడి గళ్ళు. రెండింటినీ ఒక్క చేత్తో పట్టుకునే మన పచ్చ ఆ గళ్ళలో సులభంగా ఇమడదు. ఆ తరవాత ఆ సిద్ధాంతాన్ని ఇతర భాషల సమాచారంతో చాలాసార్లు సవరించారు. భాషలకు రంగుల విషయంలో సంపూర్ణ స్వేచ్ఛ లేదన్న దాని సారం మాత్రం నిలిచింది.

భాష ప్రభావం అసలే లేదా అంటే, ఉంది. 2007లో జొనాథన్ వినావర్, ఆయన సహచరులు ప్రచురించిన ఒక ప్రయోగాన్ని ఇక్కడ చెప్పాలి. రష్యన్ భాషలో ముదురు నీలానికి సీనియ్ అనీ, లేత నీలానికి గొలుబోయ్ అనీ రెండు వేర్వేరు మాటలున్నాయి, రెండింటినీ కలిపి చెప్పే మాట వాడుకలో లేదు. తెర మీద పైన ఒక నీలి చతురస్రం, కింద రెండు నీలి చతురస్రాలు చూపించి, పైదానితో సరిపోయేది కింద ఏదో గుర్తించమన్నారు. కిందివాటిలో ఒకటి సీనియ్, మరొకటి గొలుబోయ్ అయినప్పుడు రష్యన్లు త్వరగా చెప్పగలిగారు, రెండూ ఒకే మాట కిందికి వచ్చినప్పుడు అంత త్వరగా చెప్పలేకపోయారు. ఇంగ్లీషు మాట్లాడేవారిలో ఈ తేడా కనిపించలేదు. ఇందులో నాకు అన్నిటికంటే ముఖ్యంగా తోచేది ఆ తరవాతి భాగం. అదే పని చేస్తూ మనసులో ఒక అంకెల వరుసను వల్లె వేయమన్నప్పుడు, అంటే మాటల యంత్రాంగానికి వేరే పని అప్పగించినప్పుడు, రష్యన్లకు ఉన్న ఆ సౌలభ్యం పోయింది. కాబట్టి భాష చేసిన సాయం కంటిలో లేదు, పేరు పెట్టి పట్టుకోవడంలో ఉంది. ఆ సాయం కూడా సెకనులో ఒక చిన్న భాగమే.

దీన్నిబట్టి మీ రెండవ సందేహానికి నా సమాధానం ఇలా ఉంటుంది. భాష మనల్ని ఏదీ చూడకుండా ఆపదు, ఏ తేడాను ముందుగా పట్టించుకోవాలో సూచిస్తుంది. ఆ సూచనకు అలవాటు పడ్డవాడు మిగిలిన తేడాలను చూడగలిగి కూడా చాలాసార్లు చూడడు. భాష మన ఆలోచనను బంధిస్తుందన్న వాదాన్ని ఇంతకు మించి సాగదీసేవారితో నేను ఏకీభవించను.

ఇప్పుడు శాస్త్రం సంగతి. మీ సెల్‌ఫోన్ తెర మీద ఏదైనా పసుపు బొమ్మను నిండుగా పెట్టి, దాని మీద ఒక చిన్న నీటి చుక్క వేసి చూడండి. చుక్క భూతద్దంలా పనిచేసి, లోపల ఎర్రటి చుక్కలూ ఆకుపచ్చ చుక్కలూ కనిపిస్తాయి. అక్కడ పసుపు చుక్క అంటూ ఒకటి ఉండదు. ఎరుపు, ఆకుపచ్చ కాంతులు కలిసి మన శంకు కణాలను ఏ నిష్పత్తిలో కదిలిస్తాయో, సోడియం దీపం నుంచి వచ్చే ఏకవర్ణ కాంతి కూడా దాదాపు అదే నిష్పత్తిలో కదిలిస్తుంది. అందువల్ల రెండూ మనకు పసుపే. అంటే పసుపు అనే మాట కింద ప్రకృతి రెండు భిన్నమైన వస్తువులను దాచగలదు, కన్ను వాటిని వేరు చేయలేదు. కన్నే వేరు చేయలేనప్పుడు ఏ భాషలోని ఏ మాటా వేరు చేయలేదు. కాంతి కిరణాలకు సరిగ్గా చెప్పాలంటే రంగు లేదని, ఫలానా రంగు అనే అనుభూతిని కలిగించే గుణమే వాటికి ఉందని న్యూటన్ ఆనాడే స్పష్టంగా రాశాడు. అదే న్యూటన్, మొదట వర్ణపటంలో ప్రధానంగా ఐదు రంగులు చెప్పి, తరవాత సంగీతంలోని స్వరాలతో పొంతన కుదరడం కోసం నారింజనూ ఇండిగోనూ చేర్చి ఏడు చేశాడు. మన బడిపిల్లలు విబ్జియార్ అని బట్టీ పట్టే ఏడు రంగుల వెనుక ఉన్నది కొలత కాదు, సప్తస్వరాల మీది మక్కువ. ఎంతటి శాస్త్రవేత్త అయినా లెక్కపెట్టకుండా పేరు పెట్టిన చోట మనలాంటి వాడే.

డిగ్రీ ప్రయోగశాలలో సోడియం దీపం పెట్టి, అంగుళానికి 15,000 గీతలున్న గ్రేటింగుతో, అంటే దగ్గరదగ్గరగా గీసిన గీతలతో కాంతిని రంగులుగా విడదీసే పలకతో, తరంగదైర్ఘ్యం కనుక్కునే ప్రయోగం ఒకటి ఉంటుంది. దీపం వెలిగించగానే మొదట ఎర్రగా ఉండి, కొన్ని నిమిషాలకు నిండు పసుపుకు తిరుగుతుంది. స్పెక్ట్రోమీటర్ దూరదర్శినిని మెల్లగా తిప్పితే సుమారు 20 డిగ్రీల దగ్గర మొదటి క్రమంలో, అంటే గ్రేటింగు విడదీసి చూపే మొదటి వర్ణపటంలో, ఒక పసుపు గీత కనిపిస్తుంది. ఇంకా తిప్పుకుంటూ 44 డిగ్రీల దాకా వెళితే రెండవ క్రమంలో అదే గీత రెండుగా చీలి, సన్నగా పక్కపక్కన నిలబడుతుంది. రెండూ పసుపే. వాటిలో ఒకదాన్ని మరొకదాని నుంచి వేరు చేసే మాట ఏ భాషలోనూ లేదు. కోణాన్ని సూక్ష్మంగా కొలిచే వెర్నియర్ స్కేలు మీద మాత్రం వాటి కోణాలు మూడు నిమిషాలకు (నిమిషం అంటే ఇక్కడ డిగ్రీలో అరవయ్యవ వంతు) పైగా తేడా చూపిస్తాయి, లెక్క వేస్తే ఒకటి 589.0, రెండవది 589.6 నానోమీటర్లు అవుతుంది. తెలుగు మాధ్యమం నుంచి వచ్చిన విద్యార్థి రికార్డులో పసుపు గీత అని రాసి ఆగిపోయినా, ఇంగ్లీషు మాధ్యమం విద్యార్థి ఎల్లో లైన్ అని రాసి ఆగిపోయినా, ఇద్దరూ ఆగింది ఒక్కచోటే. కోణం రాసినవాడే ముందుకు వెళ్ళాడు. శాస్త్రీయ ఆలోచనకు ఫలానా భాష అనుకూలం, ఫలానా భాష ప్రతికూలం అనే చర్చ వచ్చినప్పుడల్లా నాకు ఈ రికార్డు పుస్తకాలే గుర్తుకు వస్తాయి.

ఆ మూడు నిమిషాల తేడాకు ఎంత విలువ ఉంటుందో తెలియాలంటే గుంటూరు దాకా రావాలి. 1814లో ఫ్రౌన్‌హోఫర్ సూర్యుని వర్ణపటంలో వందలాది నల్లని గీతలను గుర్తించి, ముఖ్యమైన వాటికి రంగుల పేర్లు కాకుండా ఏ, బి, సి, డి అని అక్షరాలు పెట్టాడు. పసుపు భాగంలో ఉన్న డి జంట సోడియానిదని 1859లో కిర్కాఫ్ నిరూపించాడు. నక్షత్రాలు ఏ పదార్థంతో చేసినవో మనిషి ఎన్నటికీ తెలుసుకోలేడని ఫ్రెంచి తత్వవేత్త కోంత్ 1835లో తీర్మానించి అప్పటికి పాతికేళ్ళయినా కాలేదు. ఈ కొత్త విద్యను పరీక్షించడానికి 1868 ఆగస్టు 18 నాటి సంపూర్ణ సూర్యగ్రహణం మంచి అవకాశమైంది. దాని నీడ కోస్తా ఆంధ్ర మీదుగా సాగింది. ఫ్రెంచి శాస్త్రవేత్త జాన్సెన్ గుంటూరులోనూ, మద్రాసు వేధశాల అధిపతి పాగ్సన్ మచిలీపట్నంలోనూ కాంతిని విడదీసి చూసే స్పెక్ట్రోస్కోపులతో సిద్ధంగా ఉన్నారు. చంద్రబింబం చుట్టూ ఎగసే సూర్యుని జ్వాలల వర్ణపటంలో కాంతిమంతమైన గీతలు కనిపించాయి. ఆ గీతలు ఎంత ప్రకాశంగా ఉన్నాయంటే, గ్రహణం లేకుండానే వాటిని చూడవచ్చని జాన్సెన్‌కు అక్కడికక్కడే తట్టి, మరునాడే గుంటూరులో చూశాడు కూడా.

ఆ గీతల్లో ఒకటి పసుపు. సూర్యునిలో పసుపు గీత అనగానే అది సోడియానిదని అనుకోవడం సహజం, మాట చూపే దారి అదే. అదే సంవత్సరం అక్టోబరు 20న ఇంగ్లండులో లాకియర్ గ్రహణం లేకుండానే జ్వాలలను పరిశీలించి, ఆ పసుపు గీత స్థానం సోడియం జంటతో సరిపోవడం లేదని గుర్తించాడు. ఇప్పటి లెక్కల్లో అది 587.6 నానోమీటర్లు. మా ప్రయోగశాల గ్రేటింగు మీద పెట్టి చూస్తే మొదటి క్రమంలో సోడియం నుంచి దాని ఎడం సుమారు మూడున్నర నిమిషాల కోణం. గుంటూరులో హీలియం కనుగొన్నారని మన పత్రికలు రాసే మాట సగమే సరి. గీత కనిపించిన గ్రహణం ఇక్కడిది, ఆ గీత వేరు అని తేల్చిన కొలత అక్కడిది. జాన్సెన్ గొప్పతనం ఆ గీతను విడదీయడంలో కంటే, గ్రహణం మీద ఆధారపడకుండా సూర్యుని జ్వాలలను ఏ రోజైనా చూసే పద్ధతిని చూపడంలో ఉంది. ఆ పద్ధతి విలువకు గుర్తుగా ఫ్రెంచి ప్రభుత్వం ఆయన, లాకియర్ ఇద్దరి రూపాలతో ఒకే పతకం ముద్రించింది.

ఇక్కడి నుంచి భాష మళ్ళీ రంగంలోకి వస్తుంది. లాకియర్, రసాయన శాస్త్రవేత్త ఫ్రాంక్‌లాండ్ కలిసి ఆ గీతను ప్రయోగశాలలో హైడ్రోజన్ నుంచి రాబట్టాలని చూశారు, రాలేదు. భూమి మీద తెలియని మూలకం ఏదో ఉండాలని, గ్రీకులో సూర్యుని పేరు మీద హీలియం అన్నారు. ఆ పేరు చివరి భాగాన్ని గమనించండి. సోడియం, కాల్షియం, పొటాషియం లాగే ఇది కూడా లోహమే అయి ఉంటుందన్న ఊహ ఆ ప్రత్యయంలో ఉంది. 1895లో లండనులో రామ్సే ఒక యురేనియం ఖనిజం నుంచి వెలువడ్డ వాయువులో అదే గీతను చూసేదాకా, అంటే సుమారు 27 ఏళ్ళపాటు, పేరు ఉంది కాని భూమి మీద పదార్థం లేదు. తీరా దొరికాక అది లోహం కాదు, ఆర్గాన్ జాతికి చెందిన జడవాయువు. నియాన్, ఆర్గాన్, క్రిప్టాన్, జినాన్ వరుసలో అది ఒక్కటే ఇప్పటికీ లోహపు పేరుతో ఉంది. పేరులోని ఊహ తప్పని తేలినా పేరు మార్చలేదు, ఎందుకంటే అప్పటికే ఆ మాట అర్థం దాని ప్రత్యయం మీద కాక 587.6 దగ్గరి గీత మీద ఆధారపడి ఉంది.

ఇదే పద్ధతిలో పుట్టిన మరో రెండు పేర్లకు ఈ అదృష్టం దక్కలేదు. 1869 ఆగస్టులో అమెరికాలో కనిపించిన గ్రహణంలో సూర్యుని కరోనా, అంటే సూర్యుని చుట్టూ ఉండే పలుచని బయటి వాతావరణం, నుంచి 530.3 నానోమీటర్ల దగ్గర ఒక ఆకుపచ్చ గీత దొరికింది. అది తెలిసిన ఏ మూలకానిదీ కాదు, కాబట్టి కరోనియం అన్నారు. అంతకుముందే నెబ్యులాల, అంటే అంతరిక్షంలోని వాయుమేఘాల, కాంతిలో కనిపించిన ఆకుపచ్చ గీతలకు నెబ్యులియం అనే మూలకాన్ని ఊహించారు. తర్కం హీలియం విషయంలో వాడినదే, ఒక్క మెట్టు కూడా తేడా లేదు. మాటల వరకే అయితే మూడు పేర్లూ సమానంగా నమ్మదగినవే. తేడా తెచ్చింది ఆవర్తన పట్టిక. 1913లో మోస్లే ఎక్స్-కిరణాల సాయంతో మూలకాలకు పరమాణు సంఖ్యలు స్థిరపరచాక, తేలిక మూలకాల వరుసలో ఖాళీ కుర్చీ అంటూ లేకుండా పోయింది. కరోనియాన్ని కూర్చోబెట్టాలంటే ఉన్న మూలకాల్లో ఒకదాన్ని లేపాలి.

మామూలు భాషకూ శాస్త్ర పరిభాషకూ నేను చూసిన అసలు తేడా ఇదే. పరిభాష మాటలు మరింత కచ్చితమైనవి కావడం దాని తరవాతి సంగతి. పచ్చ అనే మాట పక్కన ఆకుపచ్చ, పసుపుపచ్చ, చిలకపచ్చ ఎన్ని వచ్చి చేరినా దేనికీ ఇబ్బంది లేదు. ఒకదాని వల్ల మరొకటి అబద్ధం కాదు. శాస్త్రంలో ఒక కొత్త మాట ప్రవేశించాలంటే అది అక్కడున్న మిగిలిన మాటలన్నింటికీ జవాబు చెప్పుకోవాలి. 1927లో బోవెన్ లెక్కకట్టి, నెబ్యులియం అంటున్నది రెండు ఎలక్ట్రాన్లు పోగొట్టుకున్న ఆక్సిజనేనని చూపించాడు. ప్రయోగశాలలో సాధ్యం కానంత పలుచని వాయువులోనే ఆ గీతలు బలంగా వస్తాయి కనుక వాటిని అంతకుముందు ఎవరూ గుర్తుపట్టలేదు. కరోనియం అంటున్నది ఏకంగా 13 ఎలక్ట్రాన్లు పోయిన ఇనుమని గ్రోట్రియన్, ఎడ్లెన్‌ల కృషి వల్ల 1940 ప్రాంతంలో తేలింది. ఒక పేరు పోయింది, దాని స్థానంలో అంతకంటే వింతైన ప్రశ్న వచ్చింది. ఇనుము అన్ని ఎలక్ట్రాన్లను వదులుకోవాలంటే కరోనా ఉష్ణోగ్రత పది లక్షల డిగ్రీలకు పైగా ఉండాలి, కాని దాని కింద ఉన్న సూర్యుని ఉపరితలం దాదాపు 5,500 డిగ్రీల సెల్సియస్ మాత్రమే. కొత్త మూలకం ఉందన్న సులభమైన సమాధానం అడ్డంగా ఉన్నంతకాలం ఈ ప్రశ్న అడగడానికే వీలు లేకపోయింది. శాస్త్రవేత్తలను కూడా ఒక మాట ఏడు దశాబ్దాలు నిలబెట్టివేసిందన్నమాట.

కాబట్టి శాస్త్రమూ ఒక భాషేనా అని అడిగితే, చాలా భాగం అవునంటాను. కంటికి కనిపించే రంగును సంఖ్యల్లో చెప్పడానికి పరిశ్రమలన్నీ ఆధారపడే 1931 నాటి అంతర్జాతీయ ప్రమాణాన్నే తీసుకోండి. ఇంగ్లండులో రైట్ పరీక్షించిన 10 మంది, గిల్డ్ పరీక్షించిన ఏడుగురు, మొత్తం 17 మంది కళ్ళ సగటు మీద అది నిలబడి ఉంది. ప్రామాణిక పరిశీలకుడు అనే ఆ మనిషి ఎక్కడా పుట్టలేదు, అతడు ఒక ఒప్పందం. అయితే ఆ ఒప్పందం ఎలా కుదిరిందో, ఎవరిని కొలిచారో, ఏ పరికరంతో కొలిచారో రాసిపెట్టి ఉంది కనుక, అది తప్పని అనుమానం వచ్చినవారు మళ్ళీ కొలిచి చూపించవచ్చు, చూపించారు కూడా. పచ్చ అనే మాటకు ఆకూ పసుపూ రెండూ ఎలా చేరాయో అడగడానికి మనకు అటువంటి చిట్టా లేదు, ఉండవలసిన అవసరమూ లేదు. ఆ మాట చేసే పని వేరు.

మీకు కుతూహలం ఉంటే ఆ 530.3 గీతను ఇప్పుడు ఎవరు చూస్తున్నారో కూడా చెబుతాను. 2023 సెప్టెంబరు 2న శ్రీహరికోట నుంచి బయలుదేరిన, సూర్యుణ్ణి పరిశీలించే భారతీయ అంతరిక్షనౌక ఆదిత్య ఎల్-1లో, బెంగళూరులోని భారతీయ ఖగోళ భౌతికశాస్త్ర సంస్థ తయారుచేసిన కరోనాగ్రాఫ్ ఉంది. సూర్యబింబాన్ని తానే మరుగుచేసి, కృత్రిమ గ్రహణం సృష్టించుకుని, కరోనాను పరిశీలించే పరికరం అది. దాని స్పెక్ట్రోస్కోపు కోసం ఎంచుకున్న గీతల్లో ఈ ఆకుపచ్చ గీత ఒకటి. కరోనా అంత వేడిగా ఎందుకు ఉందన్న ప్రశ్నకు అందరూ ఒప్పుకున్న సమాధానం ఇంకా రాలేదు.